మెట్ల వైపు కిటికీ

గురువారం పొద్దున గీజర్ నుంచి వచ్చిన నీళ్ళు పలచటి టీ రంగులో ఉన్నాయి. లచ్చమ్మ బకెట్‌లో చెయ్యి ముంచి, పైకెత్తి వెలుతురులో చూసుకుని, "అరుణా! ఇయ్యేం నీళ్ళు బిడ్డా, చాయ్ పోసినట్టున్నయ్?" అని కేకేసింది.

బడికి తయారవుతున్న అరుణ సగం అల్లిన జడతోనే వచ్చి చూసింది. తుప్పు. పదో తరగతి పిల్లలకు ఏటా బోర్డు మీద రాసి చెప్పే పాఠం ఇవాళ బకెట్‌లోకి దిగివచ్చింది. ఆమె ఆ నీళ్ళు పారబోసి, గ్యాసు పొయ్యి మీద పెద్ద గిన్నెతో నీళ్ళు కాచి అత్తగారికి తోడిపెట్టింది. లచ్చమ్మకు డెబ్బై రెండేళ్ళు. రెండు మోకాళ్ళకూ ఆపరేషన్ అయిన మనిషి. డిసెంబరులో కొత్వాల్‌గూడ మీదికి హిమాయత్‌సాగర్ వైపు నుంచి వచ్చే గాలికి ఆమె కాళ్ళు కట్టెలైపోతాయి. ఒంటి మీద వేన్నీళ్ళు పడితే తప్ప ఆ కాళ్ళు మాట వినవు.

సాయంత్రం అరుణ బడి నుంచి వస్తూనే శంషాబాద్‌లో ఉండే గీజర్ మెకానిక్ రాఘవేందర్‌ను పిలిపించింది. అతను స్టూలెక్కి, టార్చి వేసి, గీజర్‌ను వేళ్ళతో రెండుసార్లు తట్టి, పెదవి విరిచాడు.

"ట్యాంకు లోపల జంగు పట్టింది మేడం. ఇగ కొత్తది తీసుకోవుడే."

"లోపల ఒక రాడ్డు ఉంటుంది కదా, మెగ్నీషియంది," అంది అరుణ. "ట్యాంకుకు బదులు అది అరుగుతుంది. అది అరిగిపోయాకే ట్యాంకుకు తుప్పు మొదలవుతుంది. రాడ్డు మారిస్తే సరిపోదా?"

రాఘవేందర్ స్టూలు మీద నుంచే ఆమెను కొత్తగా చూశాడు. "సైన్స్ టీచరా మేడం మీరు? నిజమే, మారుస్తే ఇంకో నాలుగేండ్లు వస్తదేమో. కని రాడ్డు ఏడున్నది? ఇది అడ్డంగ పెట్టే మోడల్. గా కొసకున్న మూత లోపల్నించి తియ్యాలె. మూతకూ గోడకూ నడుమ నాలుగు వేళ్ళ సందు లేదు. పానా ఎట్ల పెట్టాలె? మొత్తం గీజరే దింపాలె. దింపుతుంటే గోడ టైల్స్ పగుల్తయ్, పైపులు ఇరుగుతయ్. అంత కష్టపడి పాతదాన్నే మళ్ళ ఎక్కిస్తమా? ఆదివారం పొద్దుగాల కొత్తది పట్టుకొస్త." అతను స్టూలు దిగుతూ, మాటవరసకు అన్నట్టే ఇంకో మాట అన్నాడు. "ఎవరు బిగించిండ్రో గని, గోడకు ఆనిచ్చి బిగిచ్చిండ్రు. రేపు ఎవడన్న తియ్యాలంటే చెయ్యెట్ల పోతదని జర గూడ సోంచాయించలే."

"మావారు," అంది అరుణ.

హాలులో దండ వేసిన ఫొటో ఉన్నది. రాఘవేందర్ వచ్చేటప్పుడు దాన్ని చూశాడు. ఇప్పుడు మళ్ళీ చూసి, సామాను సంచిలోకి టార్చి జారవిడిచి, "ఏమనుకోకుండ్రి మేడం," అని గొణిగి వెళ్ళిపోయాడు.

అతను తప్పేమీ అనలేదు. కాని ఆ మాట అరుణను వంటింట్లోకి వెంటాడింది, అన్నం దగ్గరికీ వచ్చింది. ఉపేందర్ ఎయిర్‌పోర్టులో, విమానాల దగ్గరికి సామాను లాక్కుపోయే బండ్లు బాగుచేసే షెడ్డులో ఇరవై ఏళ్ళు మెకానిక్‌గా పనిచేశాడు. మార్చి నెలలో ఒక మంగళవారం డ్యూటీకని పోయినవాణ్ణి దవాఖాన నుంచి ఇంటికి తెచ్చారు. తక్కువ మాట్లాడే మనిషి. ఆయన నోట పదేపదే వచ్చిన మాట ఒకటే, అది కూడా పనిని గురించిందే. చెయ్యి పోని చోట సామాను పెట్టినవాడు మెకానిక్ కాడు, అనేవాడు. కొత్త ఫ్రిజ్ తెచ్చినా, పక్కింటివాళ్ళు మోటరు బిగించుకున్నా, ముందు చేతిని వెనక్కి పోనిచ్చి చూసేవాడు.

అలాంటివాడు సొంత ఇంట్లో, సొంత తల్లి కోసం, గీజర్‌ను గోడకు ఆనించి బిగించాడా?

అన్నాలయ్యాక అరుణ తానే స్టూలెక్కింది. గీజర్ పొట్ట మీద, గోడ వైపు తిరిగిన చోట, దుమ్ము కింద ఏదో రాసి ఉన్నది. కొంగుతో తుడిచింది. నల్ల మార్కరుతో, ఉపేందర్ రాతలో, మూడు వరుసలు.

రాడ్డు మార్చినది 17-9-2019.
రాడ్డు మార్చినది 15-9-2021.
రాడ్డు మార్చినది 12-9-2023.

ఆమె చాలాసేపు స్టూలు దిగలేదు. ఆ రాతలో తొందర లేదు. సున్నాలన్నీ ఒకే పరిమాణంలో, గుండ్రంగా ఉన్నాయి. ఆదివారం కొత్త గీజర్ వస్తే, పాతదాన్ని పాత ఇనుము బండివాడు తీసుకుపోతాడు. ఈ మూడు వరుసలు కూడా అతని వెంటే పోతాయి.

అయితే అరుణ అక్కడితో ఆగలేదు. లెక్క తప్పిన పిల్లవాడి నోటుబుక్కును పట్టుకున్నట్టే గీజర్‌నూ పట్టుకుని చూసింది. దాన్ని గోడకు పట్టి ఉంచిన బోల్టుల మీద తెల్ల రంగు అలాగే ఉన్నది, ఎక్కడా పానా గీత పడలేదు. కింద ఒక్క టైలు పగల్లేదు. అంటే మూడుసార్లలో ఒక్కసారి కూడా ఆయన గీజర్ దింపలేదు. దింపకుండానే మూడుసార్లు రాడ్డు మార్చాడు. నాలుగు వేళ్ళు పట్టని సందులో చెయ్యి ఎట్లా పోయింది?

మర్నాడు సాయంత్రం కూడా ఆ ప్రశ్న అట్లాగే ఉన్నది. పైన గదిలో కిరాయికి ఉండే తారాబాయి ఎయిర్‌పోర్టులో శుభ్రం చేసేవాళ్ళ మీద సూపర్‌వైజరు. డ్యూటీ దిగి వచ్చి, ఇంటి వెనక మెట్లెక్కబోతూ, పెరట్లో బట్టలు తీస్తున్న అరుణను పలకరించింది.

"ఏంది టీచరమ్మా, మొకం గట్లున్నది? పరీక్ష పేపర్లు దిద్దుతున్నవా?"

అరుణ నవ్వి, గీజర్ సంగతి చెప్పింది. తేదీల సంగతీ చెప్పింది. "నాకు తెలియకుండా ఎప్పుడు చేశారో. ఆయనకు వారానికొక సెలవు ఎప్పుడూ మామూలు రోజుల్లోనే వచ్చేది. నేను బడిలో ఉండేదాన్ని."

"నాకు ఎరుకే," అంది తారాబాయి. "సారు గీ మెట్ల మీదనే కూసుంటుండె. నైట్ డ్యూటీ చేసి నేనొచ్చేసరికి దారికడ్డంగ పానాలన్ని పరిచిపెట్టుకుని ఉంటుండె. 'అన్నా, జర జరుగు, నాకు నిద్రొస్తున్నది' అంటే, 'అయిదు నిమిషాలు తారక్కా' అనుకుంట గంట కూసుండబెట్టిండు ఒకసారి."

"మెట్ల మీదా? ఇక్కడ ఏం పని?"

"ఏమో. గా కిటికీల తలకాయ పెట్టి ఏందో చేస్తుండె." తారాబాయి మెట్ల మలుపు దగ్గర గోడకు చూపించి, చూపించిన చెయ్యిని మెల్లగా దించుకుంది. అక్కడిప్పుడు కిటికీ లేదు. సిమెంటు రేకు ముక్క అడ్డం పెట్టి, చుట్టూ సిమెంటు పూసి, సున్నం వేసిన జాగా ఉన్నది. దాని నడిమధ్యన ఎండిపోయిన పసుపూ, కుంకుమ బొట్టూ.

అరుణ చేతిలోని దుప్పటి జారి మట్టిలో పడింది.

ఎనిమిదేళ్ళ కిందట ఆ కిటికీ దగ్గర తాను ఆయనతో పోట్లాడింది. మెట్లెక్కేవాళ్ళంతా బాత్రూంలోకి తొంగిచూస్తారు, ఇదేం కిటికీ అని అడిగింది. ఆయన నవ్వి, ఎవరు చూసినా గీజర్ వీపు తప్ప ఏమీ కనబడదు, అన్నాడు. ఆయన నిజమే చెప్పాడు, పూర్తిగా చెప్పాడు. ఆమె వినలేదు. మెట్ల మీద కూర్చుని కిటికీ తెరిస్తే గీజర్ కొసమూత సరిగ్గా మొహానికి ఎదురుగా ఉంటుంది. చెయ్యి పోవడమే కాదు, ఒళ్ళో పెట్టుకున్నట్టు పని చేసుకోవచ్చు.

మూసిన కథ వేరు. ఉపేందర్ పోయిన పదకొండో రోజున ఆయన పెదనాన్న కొడుకు బాలమల్లు ఒక వాస్తు మనిషిని వెంటబెట్టుకు వచ్చాడు. ఆ మనిషి ఇల్లంతా తిరిగి, ఈ కిటికీ దగ్గర ఆగి, నైరుతి మూలకు ఇంత కంత పెట్టినాక ఇంటి యజమాని ఎట్లా నిలుస్తాడని అన్నాడు. లచ్చమ్మ విన్నది. పన్నెండో రోజు సిమెంటు వచ్చింది. అరుణ ఆ రోజుల్లో దేనికీ అవుననీ కాదనీ అనలేదు. మాట్లాడితే మాటలు ఎక్కడికి పోతాయోనని పళ్ళు బిగించి ఉన్నది. ఆ మౌనాన్నే అందరూ ఒప్పుకోలు అనుకున్నారు.

ఆ రాత్రి కాదు, ఆ సాయంత్రమే మాట్లాడాలనుకుంది. ఇంకోరోజు ఆగితే తనకే ధైర్యం చాలదు.

లచ్చమ్మ మంచం మీద కూర్చుని కాళ్ళకు నూనె రాసుకుంటున్నది. అరుణ కింద కూర్చుని, నూనె గిన్నె తన వైపు లాక్కుని, ఒక మోకాలు తానే రాయడం మొదలుపెట్టింది.

"అత్తమ్మా, మెట్ల కాడి కిటికీ తెరుద్దామనుకుంటున్నా."

లచ్చమ్మ కాలు వెనక్కి తీసుకుంది. "ఏం మాటలు మాట్లాడుతున్నవ్? తెలివున్నదా నీకు?"

"గీజర్ బాగుచేయాలంటే అటు నుంచే చెయ్యాలి."

"గీజర్ లేకుంటే పాయె! కట్టెల పొయ్యి మీద కాగవెట్టుకుంట. నా కొడుకును మింగిన కంత అది. నేనప్పుడే అన్న, కట్టిన గోడను కొట్టకు కొడుకా అని. ఇనలే. నేనన్న గట్టిగ అడ్డం పడితినా? పడలే. 'పనికొస్తదే అమ్మా' అన్నడు, నేను ఊకున్న." ఆమె కొంగు కొసను వేలికి చుట్టుకుంది. "నేను ఊకున్న బిడ్డా."

తొమ్మిది నెలలుగా అత్తగారి మనసులో ఉన్నది కిటికీ మీది కోపమనే అరుణ అనుకుంది. కాదు. ఆమె తన మీద తాను వేసుకున్న నేరం అది.

అరుణ వాస్తును గురించి వాదించలేదు. బడిలో ఆమెకు తెలిసిన పద్ధతి ఒకటే. జవాబు తాను చెప్పదు, పిల్లల చేతనే చెప్పిస్తుంది.

"అత్తమ్మా, ఇల్లు కట్టినప్పుడు ఆ కిటికీ ఉన్నదా?"

"లేదు. ఎనక పెట్టిండు."

"ఎప్పుడు?"

లచ్చమ్మ చిరాకుగా చూసింది. "నా మోకాళ్ళ ఆపరేషన్ అయినప్పుడు. మంచం మీదున్న. గోడ కొడుతుంటే సప్పుడుకు నిద్ర పట్టకపోతుండె."

"గీజర్ ఎప్పుడు తెచ్చిండు?"

"గదే వారం. డాక్టరు ఏడినీళ్ళ తానమే చెయ్యాలన్నడని..." లచ్చమ్మ ఆగింది.

అరుణ ఆమె కాలిని మళ్ళీ దగ్గరికి తీసుకుంది. "ఈ బోరు నీళ్ళకు లోపలి రాడ్డు రెండేళ్ళకు మించి నిలవదు. మార్చకపోతే మీకు వేన్నీళ్ళు ఆగిపోతాయి. మార్చాలంటే చెయ్యి పోవాలి. చెయ్యి పోవడానికి పెట్టిండు అత్తమ్మా ఆ కిటికీ. గాలికి కాదు. మీ నీళ్ళ కోసం పెట్టిండు. మూడుసార్లు మెట్ల మీద కూర్చుని మార్చిండు. తేదీలు రాసిపెట్టిండు, కావాలంటే చదివి వినిపిస్తా."

పైనుంచి ఒక విమానం దిగుతూ పోయింది. ఆ చప్పుడు పూర్తిగా పోయేదాకా ఇద్దరూ అలవాటుగా ఆగారు.

"టక్కుటక్కుమని సప్పుడొస్తుండె," అంది లచ్చమ్మ చివరకు. "మెట్లెక్కలేను గద, పోయి సూడలే. కూలర్ బాగుచేస్తుండనుకున్న." కొంగుతో ముక్కు తుడుచుకుంది. "రేపు బడి ఉన్నదా నీకు?"

"రెండో శనివారం. సెలవే."

"అయితే పొద్దుగాల్నే తియ్యి. బాలమల్లుకు ఇప్పుడే చెప్పకు. ఫోన్ల ఒర్రుతడు."

శనివారం పొద్దున తారాబాయి సుత్తె పట్టింది, అరుణ ఉలి పట్టింది. లచ్చమ్మ కింద కుర్చీ వేయించుకుని, మెట్లెక్కలేని కొరతంతా నోటితో తీర్చుకుంది.

"పైకెల్లి కొట్టుండ్రి! పైకెల్లి! నా పెండ్లికి ముందు మూడిండ్లు కట్టిన, నాకు చెప్తరా?"

"పెద్దమ్మా, నువ్వొచ్చి కొడతవా మరి?"

"మోకాళ్ళుంటే నీ కన్న ముందు కొడుతుంటి!"

నాలుగో దెబ్బకు సిమెంటు పెచ్చు రాలింది. పదో దెబ్బకు రేకు కదిలింది. బొట్టు ఉన్న ఆ ముక్కను అరుణ రెండు చేతులా పట్టుకుని దించి, జాగ్రత్తగా గోడకు ఆనించింది. గీజర్ చాటున, బాత్రూంలోంచి కనబడని కిటికీ అద్దం చెక్కుచెదరలేదు. గడియ తీసి తలుపు లాగితే, తొమ్మిది నెలల చీకట్లో నుంచి గీజర్ కొసమూత గుండ్రంగా, ఎదురుగా, ఎవరో వస్తారని ఎదురుచూస్తున్నట్టు కనబడింది. అంచుకు అంచు సరిపోయేట్టు కొలిచి పెట్టాడు. చెయ్యి కాదు, రెండు చేతులూ మోచేతుల దాకా పోతాయి.

"కనవడ్డదా?" అని కింద నుంచి లచ్చమ్మ.

"కనబడ్డది అత్తమ్మా," అంది అరుణ.

ఆ తరువాత అంతా ఒక వరుసలో జరిగింది. ప్రయోగశాలలో పిల్లలకు చెప్పినట్టే తనకు తాను చెప్పుకుంది. ముందు మెయిన్ స్విచ్. టెస్టరు పెట్టి చూసి, మళ్ళీ ఒకసారి చూసింది. నీళ్ళ వాల్వు కట్టేసి, కింది పైపు నట్టు వదులు చేసి, మూడు బకెట్ల టీ రంగు నీళ్ళు దింపింది. మూత తీస్తే వైర్లు. ఒక్కొక్క వైరుకూ అంటుకునే పట్టీ చుట్టి దాని మీద ఒకటి, రెండు, మూడు అని రాసి, నోటుబుక్కులో బొమ్మ గీసుకుంది. తరువాత గుండ్రటి ఇనుప పలకను పట్టి ఉంచిన ఆరు నట్లు. పలకకే లోపలి వైపున నీళ్ళు కాచే కడ్డీ, దాని పక్కన రాడ్డు ఉంటాయి. ఉపేందర్ పెట్టెలో పానాలన్నీ కొలత వరుసలోనే ఉన్నాయి, పది నంబరు వెదకనక్కర లేకుండానే చేతికి తగిలింది.

నట్లన్నీ వచ్చాయి గాని పలక రాలేదు. రెండేళ్ళుగా కదలని రబ్బరు, సున్నం కలిసి బిగుసుకుపోయాయి. అరుణ పలక అంచున చెక్క ముక్క పెట్టి సుత్తెతో మెల్లగా, చుట్టూ తిప్పుతూ తట్టింది. టక్కు టక్కు.

"అగో, గదే సప్పుడు!" అని కింద నుంచి లచ్చమ్మ అరిచింది. "అట్లనే వస్తుండె! గట్లనే కొట్టు!"

పలక ఊడింది. దానితోపాటు గుప్పెళ్ళకొద్దీ తెల్లటి సున్నపు పెచ్చులు మెట్ల మీద రాలిపడ్డాయి. వెనకే రాడ్డు వచ్చింది. నిజానికి అది రాడ్డు కాదు. బొటనవేలంత లావుండాల్సిన చోట లోపలి ఇనుప తీగ మాత్రమే మిగిలి ఉన్నది. దాని మీద అక్కడక్కడ బూడిద రంగు గడ్డలు, ఎలుక కొరికి వదిలేసిన చెరుకు ముక్కలా. పదహారేళ్ళుగా ఆమె మెగ్నీషియం ఇనుము కంటే ముందు అరుగుతుందని బోర్డు మీద రాస్తూ వచ్చింది. అది అరగడం అంటే ఇట్లా ఉంటుందని ఇవాళ చూసింది. టార్చి వేసి ట్యాంకులోకి చూసింది. అడుగున కొంచెం ఎర్రటి మరక. గోడలు బాగానే ఉన్నాయి. ఇంకా సమయం మించిపోలేదు.

ఆ తీగను గుడ్డలో చుట్టుకుని అరుణ బస్సెక్కి ఆరాంఘర్‌లో దిగింది. చౌరస్తాకు కొంచెం ఇవతల, గీజర్ల సామాను అమ్మే చిన్న దుకాణం కుర్మయ్యది. ఆయన తీగను అటూఇటూ తిప్పి, కొసన ఉన్న మరకు ఒక నట్టు ఎక్కించి చూశాడు.

"మంచిగ తెచ్చినవమ్మా పాతది. జనాలు వట్టి చేతులతోని వస్తరు, 'ఇంతుంటది' అని వేలు చూపెడతరు." అదే మరతో, అదే పొడవుతో కొత్త రాడ్డు తీసి బల్ల మీద పెట్టాడు. వెండిలా మెరుస్తున్నది. "మెకానిక్ ఎవరు? రబ్బరు వాషర్ గూడ మార్చమని చెప్పిండా?"

"నేనే మెకానిక్‌ను," అంది అరుణ. "వాషర్ కూడా ఇవ్వండి."

కుర్మయ్య కళ్ళద్దాల పైనుంచి చూశాడు. ఆ తరువాత వాషర్లు రెండు ఇచ్చి, "ఒకటి ఊకెనే తీసుకో, మొదటిసారి కారుతది," అన్నాడు.

ఆయన మాటే నిజమైంది, వాషర్ తప్పు కాకపోయినా. ఆదివారం పొద్దున అరుణ కడ్డీ మీది సున్నమంతా గీకి, ట్యాంకు కడిగి, కొత్త రాడ్డు ఎక్కించి, పలకను తిరిగి పెట్టి, ఆరు నట్లూ ఒకదాని పక్కన ఒకటి వరసగా బిగించింది. నీళ్ళు వదిలింది. నిండిన నిమిషానికి పలక అంచున ఒక చుక్క ఉబ్బింది. రాలింది. ఇంకొకటి ఉబ్బింది.

ఇంకా గట్టిగా బిగించింది. చుక్క ఆ పక్క మాని ఈ పక్క మొదలైంది.

"ఏమాయె?" అని కింది నుంచి.

"కారుతున్నది."

"రాఘవేందర్ పదిగంటలకే వస్తనన్నడు కద?" అంది తారాబాయి మెల్లగా. అప్పటికే తొమ్మిదిన్నర దాటింది.

అరుణ పానా పక్కన పెట్టి మెట్టు మీద కూర్చుంది. ఆరు నట్లు గుండ్రంగా ఆమె వైపు చూస్తున్నాయి. ఇట్లా గుండ్రంగా అమర్చిన నట్లను తాను ఇంతకుముందు ఎక్కడో బిగించింది. గగన్‌పహాడ్ దగ్గర, ఫ్యాక్టరీ గోడ పక్కన, వానలో. కారు టైరు పంచరైంది. ఉపేందర్ జాకీ ఎత్తి, పానా ఆమె చేతికిచ్చి, గొడుగు తాను పట్టుకున్నాడు. ఆమె ఒక నట్టు బిగించి పక్కదానికి పోబోతే ఆపాడు. "పక్కది కాదు, ఎదురుది. ఎదురెదురు బిగించు. లేకుంటే ఒక దిక్కు వంగి కూసుంటది." టీచరుకు పాఠం చెబుతున్నానని ఆ రోజంతా నవ్వుకున్నాడు.

అరుణ లేచింది. నీళ్ళు దింపింది. నట్లన్నీ వదులు చేసి, రెండో వాషర్ వేసి, పలకను చేత్తో సరిగ్గా కూర్చోబెట్టింది. మొదట పై నట్టు, ఆ తరువాత దానికి ఎదురుగా కింది నట్టు. తరువాత ఇటుది, దానికి ఎదురుది. కొంచెం కొంచెంగా, మూడు చుట్లు. నీళ్ళు వదిలింది. పలక అంచు మీద పొడి గుడ్డ పెట్టి, గడియారం చూస్తూ పది నిమిషాలు నిలబడింది. గుడ్డ తీసి చెంపకు ఆనించుకుంది.

పొడిగా ఉన్నది.

వైర్లు ఒకటి, రెండు, మూడు తమతమ చోట్లకు పోయాయి. మూత పడింది. బాత్రూం కొళాయి తిప్పి నీళ్ళు ధారగా రావడం చూశాకే మెయిన్ వేసింది. గీజర్ మీద ఎర్ర దీపం వెలిగింది.

రాఘవేందర్ ఆటోలో కొత్త గీజర్ పెట్టెతో దిగేసరికి పదకొండు దాటింది. బాత్రూం తలుపు వేసి ఉన్నది. లోపల నుంచి నీళ్ళ చప్పుడు, దానితోపాటు లచ్చమ్మ గొంతు.

"అబ్బబ్బ, కాలుతున్నయ్! చమడాలు ఊడుతున్నయ్! అరుణా, జర సల్లనీళ్ళు ఇడువు బిడ్డా!"

రాఘవేందర్ పెట్టెను గుమ్మంలోనే దించి, "ఎవరు చేసిండ్రు మేడం?" అన్నాడు.

"పక్క కొళాయి తిప్పండి అత్తమ్మా," అని లోపలికి కేకేసి, "ఆమె స్నానం కానివ్వండి, చూపిస్తా," అంది అరుణ. నీళ్ళ చప్పుడు ఆగాక అతన్ని వెనక మెట్ల మీదికి తీసుకుపోయింది.

అతను కిటికీలోకి చూశాడు. ఒక చెయ్యి లోపలికి పెట్టి చూశాడు, తరువాత రెండోది కూడా పెట్టాడు. మోచేతుల దాకా పోయాయి. చేతులు బయటికి తీసుకుని ప్యాంటుకు తుడుచుకున్నాడు.

"పద్నాలుగేండ్ల సంది చేస్తున్న మేడం ఈ పని. గిట్ల సోంచాయించి పెట్టినోణ్ణి సూడలే. మొన్న నేనన్న మాట..."

"ఆ మాట అనకపోతే నేను వెతికేదాన్ని కాదు," అంది అరుణ. "చాయ్ తాగి పోండి. పెట్టె వాపసు తీసుకుపోవాలి, ఏమీ అనుకోకండి."

"ఏమనుకుంట మేడం." అతను మళ్ళీ ఒకసారి కిటికీ వైపు చూశాడు. "ఒక ఫొటో తీసుకోవచ్చునా? కొత్త ఇండ్లోళ్ళకు చూపెడత."

పై మెట్టు నుంచి తారాబాయి అందుకుంది. "ఫొటో తర్వాత గని, టీచరమ్మా, మా గీజర్ల గూడ నీళ్ళు జర ఎర్రగనే వస్తున్నయ్. నువ్వు చేస్తవా, గీయన్ని పిలువమంటవా?"

లచ్చమ్మ తల తుడుచుకుంటూ హాలులోకి వచ్చింది. మొహం ఎర్రబడి, ఒళ్ళంతా ఆవిరి కమ్ముతున్నది. కుర్చీలో కూర్చుని, మోకాళ్ళు ఒకసారి మడిచి చాచి చూసుకుని, ఫోను ఇటివ్వమంది. బాలమల్లు నంబరు కలిపి ఇచ్చాక ఆమె గొంతు పెరటిదాకా వినిపించింది.

"బాలమల్లూ, మంచిగున్నవా కొడుకా? ఇను. మెట్ల కాడి కిటికీ తీయించిన. ఆఁ, నేనే తీయించిన. నా కొడుకు నా నీళ్ళ కోసం పెట్టిన కిటికీ అది. నీ వాస్తాయనకు ఏమన్న ముచ్చట ఉంటే నా ఇంటికి రమ్మను, వేన్నీళ్ళతోని తానం చేపించి పంపుత."

అరుణ స్టూలు తెచ్చుకుని బాత్రూంలోకి పోయింది. అద్దం మీద ఇంకా ఆవిరి ఉన్నది. గీజర్ పొట్ట వెచ్చగా ఉన్నది. మార్కరు మూత తీసి, మూడు వరుసల కింద నాలుగోది రాసింది. రాడ్డు మార్చినది 14-12-2025. బోర్డు మీద రాసి రాసి చక్కబడ్డ చెయ్యి ఆమెది. అయినా ఆయన సున్నాలంత గుండ్రంగా రాలేదు.

"అరుణా, రాఘవేందర్‌కు చాయ్ పెట్టినవా?" అని హాలులోంచి లచ్చమ్మ పిలిచింది.

"వస్తున్నా అత్తమ్మా," అంటూ ఆమె స్టూలు దిగింది.